రంగస్థలం నుంచి టాకీకి: సురభి కమలాబాయి నటజీవితం – ఒక పరిశీలన

వ్యాస సంగ్రహం

పూర్తిగా తెలుగు సంభాషణలతో వెలువడిన తొలి శబ్దచిత్రం ‘భక్తప్రహ్లాద’లో లీలావతి పాత్ర ధరించిన సురభి కమలాబాయిని చలనచిత్ర చరిత్రలు ‘తొలి తెలుగు కథానాయిక’గా పేర్కొంటున్నాయి. ఈ గుర్తింపు న్యాయమైనదే. అయితే, ఆమె నటజీవితం చిత్రసీమలోనే మొదలైనట్లు, అంతకు ముందున్న రంగస్థల కృషి కేవలం పూర్వరంగమైనట్లు భ్రమ కలిగించే ప్రమాదం దానిలో ఉంది. సురభి నాటక సమాజాల్లో స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించే సంప్రదాయం, ఆ సమాజాల కుటుంబ వ్యవస్థ, నిత్య ప్రదర్శనల వల్ల అలవడే శిక్షణ – ఈ మూడూ కలిసి తొలి టాకీకి అవసరమైన నటిని ముందుగానే సిద్ధం చేశాయని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. ‘భక్తప్రహ్లాద’ విడుదల తేదీ నిర్ధారణ కమలాబాయి చిత్రజీవిత క్రమాన్ని ఏ విధంగా స్పష్టం చేస్తుందో, లీలావతి నుంచి ‘పాతాళభైరవి’లోని కాంతమ్మ వరకు మాతృపాత్ర స్వభావం ఎలా మారిందో కూడా పరిశీలిస్తుంది.

కీలక పదాలు: సురభి నాటక సమాజం, కమలాబాయి, భక్తప్రహ్లాద, తొలి టాకీలు, స్త్రీ పాత్రధారణ, పద్యనాటకం, రంగస్థల శిక్షణ.

1. ఉపోద్ఘాతం

తెలుగు శబ్దచిత్రం తొలి దశాబ్దంలో నాటకరంగం మీద దాదాపు పూర్తిగా ఆధారపడింది. కథలు, పద్యాలు, నటీనటులు, గాయకులు, హార్మోనియం విద్వాంసులు అందరూ నాటకశాలల నుంచే వచ్చారు. మునిపల్లె సుబ్బయ్య, యడవల్లి సూర్యనారాయణ, అద్దంకి శ్రీరామమూర్తి, వేమూరి గగ్గయ్య, బళ్లారి రాఘవ, సి.ఎస్.ఆర్. ఆంజనేయులు, దాసరి కోటిరత్నం, పసుపులేటి కన్నాంబ వంటి వారు మొదట రంగస్థల కళాకారులు. ఆ తరువాతనే చిత్ర నటులు. ఈ విషయం అందరూ అంగీకరించేదే. కాని ఈ వలసను వివరించేటప్పుడు సాధారణంగా ఒక సరళమైన చిత్రం మాత్రమే కనిపిస్తుంది: నాటకం వెనుకబడింది, సినిమా ముందుకు వచ్చింది, నటులు ఒకచోటి నుంచి మరొకచోటికి మారారు. ఎవరు ఏ శక్తిని తీసుకువెళ్లారు, ఆ శక్తిలో ఎంత భాగం కొత్త మాధ్యమానికి పనికివచ్చింది, ఎంత భాగం వదులుకోవలసి వచ్చింది అన్న ప్రశ్నలు మరుగున పడ్డాయి.

ఈ ప్రశ్నలకు సమాధానం వెతకడానికి సురభి కమలాబాయి నటజీవితం అనువైన ఉదాహరణ. ఆమె వ్యక్తిగత ప్రతిభ ఎంత ముఖ్యమో, ఆమెను తీర్చిదిద్దిన సంస్థాగత వాతావరణం అంతే ముఖ్యం. ఈ రెండింటినీ కలిపి చూసినప్పుడే ‘తొలి కథానాయిక’ అనే మాటకు చారిత్రకమైన అర్థం ఏర్పడుతుంది.

2. సురభి: కుటుంబమే నటశిక్షణాలయం

సురభి నాటక సమాజాల చరిత్ర 1885లో కడప ప్రాంతంలోని సురభి గ్రామంలో వనారస గోవిందరావు ప్రదర్శింపజేసిన ‘కీచకవధ’తో మొదలవుతుంది. ఆ గ్రామం పేరే సమాజానికి పేరైంది. మహారాష్ట్ర మూలాలు గల ఈ కుటుంబాలకు అంతకుముందు తోలుబొమ్మలాట వృత్తిగా ఉండేది. తెరవెనుక బొమ్మను ఆడిస్తూ పద్యం, పాట, సంభాషణ తామే పలికిన కుటుంబాలు తెరముందుకు వచ్చి తామే వేషాలు ధరించడం సురభి ఆవిర్భావంలోని కీలకమైన మలుపు. తోలుబొమ్మలాటలో కుటుంబంలోని స్త్రీలు గాత్రధారులుగా పాల్గొనడం సహజం. ఆ అలవాటు నాటకంలోకి కొనసాగడం వల్ల స్త్రీ పాత్రకు స్త్రీ కావాలన్న నిర్ణయం సురభికి పెద్ద సామాజిక విప్లవంగా కాక, వృత్తిధర్మానికి కొనసాగింపుగా వచ్చిందని భావించవచ్చు.

గోవిందరావు సంతానం, బంధువర్గం విస్తరించిన కొద్దీ సమాజం అనేక శాఖలుగా చీలింది. ప్రతి శాఖా ఒక కుటుంబం. ప్రతి కుటుంబం ఒక నాటక సంస్థ. ఊరూరా తాత్కాలిక నాటకశాల నిర్మించుకొని, రోజుకొక నాటకం చొప్పున కొన్ని వారాలపాటు ప్రదర్శించి, మరొక ఊరికి తరలివెళ్లడం వీరి జీవనవిధానం. తెరలు, దుస్తులు, ఆభరణాలు, దీపాలు, యంత్రసాధనాలు, వంటసామాను, పిల్లలు అన్నీ కలిసి ప్రయాణించేవి. తెరలు చిత్రించేవారు, హార్మోనియం వాయించేవారు, వేషం వేసేవారు, టికెట్లు అమ్మేవారు అందరూ ఒకే ఇంటివారు.

ఈ వ్యవస్థలో శిక్షణకు ప్రత్యేకమైన సమయం, స్థలం ఉండవు. పసిపిల్లగా రంగస్థలం మీదికి ఎత్తుకువచ్చిన శిశువు కొన్నేళ్లకు బాలకృష్ణుడో, ప్రహ్లాదుడో, లవకుశులలో ఒకరో అవుతుంది. యౌవనంలో నాయిక, నడివయసులో తల్లి, వృద్ధాప్యంలో పరిచారిక లేదా ముని పత్ని. ఒకే నాటకాన్ని ఇన్ని కోణాల నుంచి ఏళ్ల తరబడి చూసిన నటికి తన భాగం మాత్రమే కాక నాటకం మొత్తం కంఠస్థమై ఉంటుంది. ఒక పాత్రధారి అస్వస్థతకు గురైతే మరొకరు ఆ రాత్రికే ఆ వేషం కట్టగలగడం సురభి వారికి విశేషం కాదు, అవసరం.

కమలాబాయి ఈ వాతావరణంలో 1907లో జన్మించారు. తండ్రి కృష్ణాజీరావు, తల్లి వెంకూబాయి. తల్లి దమయంతి పాత్ర ధరించి ప్రదర్శనలో ఉండగా నొప్పులు మొదలై అక్కడే కమలాబాయి జన్మించారని సురభి సంప్రదాయంలో ఒక కథనం ప్రచారంలో ఉంది. ఈ కథనంలోని వివరాలకంటే దాని సామాజికార్థం గమనించదగినది. నిండు గర్భిణి అయిన స్త్రీ కూడా వేషం ధరించి రంగస్థలం మీద ఉండటం ఆ కుటుంబాలకు అసాధారణం కాదని, వృత్తికీ సంసారానికీ నడుమ అక్కడ గోడ లేదని ఆ కథనం తెలియజేస్తుంది. బాల్యంలో కృష్ణుడు, ప్రహ్లాదుడు వంటి పాత్రలతో మొదలైన కమలాబాయి నటన క్రమంగా నాయిక పాత్రలకు విస్తరించింది.

3. స్త్రీ పాత్ర – పాత్రధారి: నాటి తెలుగు రంగస్థల స్థితి

కమలాబాయి ప్రత్యేకతను గుర్తించాలంటే సురభికి వెలుపల తెలుగు రంగస్థలం ఎలా ఉండేదో తెలుసుకోవాలి. 1880 ప్రాంతంలో ఆధునిక తెలుగు నాటక ప్రదర్శనలు ఆరంభమైన నాటి నుంచి పట్టణ నాటక సమాజాల్లో పురుషులే స్త్రీ పాత్రలు ధరించారు. విద్యార్థులు, న్యాయవాదులు, ఉపాధ్యాయులు, ఉద్యోగులతో ఏర్పడిన ఈ సమాజాల్లో కుటుంబ స్త్రీ వేదిక ఎక్కడం ఊహకు అందని విషయం. పురుషుల స్త్రీ పాత్రధారణ క్రమంగా ఒక ఉన్నత కళగా పరిణమించింది. స్థానం నరసింహారావు సత్యభామ, చింతామణి, మధురవాణి పాత్రల ద్వారా దానిని శిఖరానికి చేర్చారు. ఆయన చీరకట్టు, నడక, చూపు, పాట ఆ కాలపు స్త్రీలకే ఆదర్శమయ్యాయని ప్రసిద్ధి. 1956లో ఆయనకు లభించిన పద్మశ్రీ ఆ కళకు దక్కిన గౌరవం.

మరోవైపు, వృత్తి నాటక సంస్థల్లోనూ, కాంట్రాక్టు నాటకాల్లోనూ నటీమణులు ప్రవేశించారు. కాని నాటి సమాజం బహిరంగ వేదిక ఎక్కిన స్త్రీని గౌరవంగా చూడలేదు. దేవదాసీ వ్యవస్థకు వ్యతిరేకంగా సాగిన సంస్కరణోద్యమ వాతావరణంలో పాట, ఆట వృత్తిగా గల స్త్రీ పట్ల అనుమానం మరింత పెరిగింది. కళను నేర్చిన స్త్రీకి వేదిక కావాలి. వేదిక ఎక్కిన స్త్రీకి గౌరవం దక్కదు. ఇది నాటి నటీమణులందరూ ఎదుర్కొన్న చిక్కు.

సురభి కుటుంబ వ్యవస్థ ఈ చిక్కుకు ఒక పరిష్కారం చూపింది. అక్కడ నటి ఒంటరి వ్యక్తి కాదు. భర్త, తండ్రి, అత్త, అన్నదమ్ములు అదే వేదిక మీద, అదే తెర వెనుక ఉంటారు. ఆమె నటి మాత్రమే కాదు, ఇల్లాలు కూడా. ప్రేక్షకుడు ఆమెను చూసే చూపులో ఈ కుటుంబ నేపథ్యం కొంత మర్యాదను తెచ్చిపెట్టింది. ఇది సంపూర్ణ స్వేచ్ఛ కాదు. కుటుంబ యాజమాన్యం కింద నటి శ్రమకు వేరుగా వేతనమో, సొంత నిర్ణయాధికారమో లభించడం కష్టం. అయినప్పటికీ, తరతరాలుగా స్త్రీలు నటనను వృత్తిగా అభ్యసించడానికి అవకాశం కల్పించిన అరుదైన వ్యవస్థగా దీనిని గుర్తించాలి.

4. ‘భక్తప్రహ్లాద’: తేదీ నిర్ధారణ – దాని పర్యవసానాలు

భారతదేశంలో తొలి శబ్దచిత్రం ‘ఆలం ఆరా’ 1931 మార్చి 14న బొంబాయిలో విడుదలైంది. దాని నిర్మాత, దర్శకుడు అర్దేషిర్ ఇరానీ దక్షిణాది భాషల వైపు దృష్టి సారించి ఆ బాధ్యతను హెచ్.ఎం.రెడ్డికి అప్పగించారు. ఫలితంగా మొదట ‘కాళిదాస్’ వెలువడింది. 1931 అక్టోబరు 31న విడుదలైన ఈ చిత్రంలో టి.పి. రాజలక్ష్మి తమిళంలోనూ, మరికొందరు తెలుగులోనూ మాట్లాడారు. ఆ తరువాత పూర్తిగా తెలుగులో ‘భక్తప్రహ్లాద’ రూపొందింది.

చాలాకాలంపాటు ‘భక్తప్రహ్లాద’ 1931 సెప్టెంబరు 15న విడుదలైందన్న అభిప్రాయం చలామణిలో ఉండేది. పాత్రికేయులు, పరిశోధకులు రెంటాల జయదేవ నాటి సెన్సారు వివరాలనూ, పత్రికా ప్రకటనలనూ పరిశీలించి, ఈ చిత్రానికి 1932 జనవరి 22న సెన్సారు ధ్రువీకరణ లభించిందనీ, 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలోని కృష్ణా సినిమాలో విడుదలైందనీ నిరూపించారు.

ఈ సవరణను కేవలం వార్షికోత్సవ తేదీకి సంబంధించిన వివాదంగా చూడరాదు. పాత తేదీని అంగీకరిస్తే, పూర్తి తెలుగు చిత్రం ముందు వచ్చి, మిశ్రమ భాషా చిత్రం తరువాత వచ్చినట్లవుతుంది. సవరించిన తేదీ ప్రకారం క్రమం సహజంగా అమరుతుంది: మొదట రెండు భాషల మిశ్రమంతో ఒక ప్రయోగం, దాని అనుభవంతో ఒకే భాషలో సమగ్ర చిత్రం. కమలాబాయి విషయంలో దీని ఫలితం మరింత ముఖ్యమైనది. ‘భక్తప్రహ్లాద’, ‘పాదుకా పట్టాభిషేకం’, ‘శకుంతల’ అనే ఆమె మూడు తొలి చిత్రాలూ 1932 అనే ఒకే క్యాలెండరు సంవత్సరంలోకి వస్తాయి. ఆమె చిత్రరంగ ప్రవేశం మెల్లగా సాగిన పరిచయం కాదని, ఏడాది కాలంలోనే మూడు ప్రధాన చిత్రాల భారం వహించిన తీవ్రమైన వృత్తి పరివర్తన అని ఈ క్రమం స్పష్టం చేస్తుంది.

‘భక్తప్రహ్లాద’కు ఆధారం ధర్మవరం రామకృష్ణమాచార్యుల నాటకం. హిరణ్యకశిపుడిగా మునిపల్లె సుబ్బయ్య, లీలావతిగా కమలాబాయి, ప్రహ్లాదుడిగా సింధూరి కృష్ణారావు నటించారు. అనంతర కాలంలో ప్రసిద్ధ దర్శక నిర్మాతగా ఎదిగిన ఎల్.వి.ప్రసాద్ ఇందులో ఒక చిన్న పాత్ర ధరించారు. చందాల కేశవదాసు పాటలు రచించారు. చిత్రం నిడివి 9,762 అడుగులు, అంటే సుమారు 108 నిమిషాలు. రాత్రి మొదలై తెల్లవారే దాకా సాగే నాటకానికి అలవాటుపడిన నటులకు, ప్రేక్షకులకు ఈ కుదింపు కొత్త అనుభవం. పద్యం ముగియగానే ‘వన్స్‌మోర్’ అనే కేకలకు అక్కడ తావు లేదు. రాగాన్ని ప్రేక్షకుడి ఉత్సాహాన్నిబట్టి పెంచే స్వేచ్ఛ నటుడి చేతి నుంచి జారిపోయి, ఫిల్ము అడుగుల లెక్కలోకి వెళ్లింది.

5. మైకు ముందు రంగస్థల నటి

‘భక్తప్రహ్లాద’ చిత్ర ప్రతి నేడు లభ్యం కాదు. కాబట్టి కమలాబాయి నటనను నేరుగా విశ్లేషించే అవకాశం లేదు. అయితే, నాటి శబ్దగ్రహణ పద్ధతులను సురభి శిక్షణతో పోల్చినప్పుడు కొన్ని విషయాలు తేటతెల్లమవుతాయి.

తొలి టాకీల్లో చిత్రీకరణ, శబ్దగ్రహణం ఒకేసారి జరిగేవి. నేపథ్యగానం లేదు; పాట పాడగలిగినవారే పాత్ర ధరించాలి. వాద్యకారులు కెమెరా కంటపడకుండా దగ్గరలోనే కూర్చుని వాయించేవారు. మైకును చెట్టు కొమ్మల మధ్యనో, అలంకరణ వస్తువుల చాటునో దాచేవారు. ‘ఆలం ఆరా’ను రైలు చప్పుళ్లు తగ్గిన రాత్రివేళల్లో చిత్రీకరించిన విషయం ప్రసిద్ధం. ఒక దృశ్యంలో మాట తడబడినా, శ్రుతి తప్పినా ఆ భాగమంతా మళ్లీ తీయవలసిందే. ముడి ఫిల్ము ఖరీదైనది, సమయం పరిమితం.

ఈ పరిస్థితుల్లో నిర్మాతకు కావలసిన నటి లక్షణాలు ఇవి: పాటనూ, మాటనూ ఒకే ఊపిరిలో శ్రుతిబద్ధంగా నిర్వహించగలగాలి, సంభాషణ మొత్తం కంఠస్థమై ఉండాలి, అపరిచిత పరిసరాల్లో, రాత్రి వేళల్లో, అలసట కనిపించకుండా పనిచేయగలగాలి, అన్నిటికీ మించి స్త్రీ అయి ఉండాలి. చివరి నియమం ముఖ్యమైనది. రంగస్థలంలో దీపకాంతికి, దూరానికి, సంప్రదాయానికి అలవాటుపడిన ప్రేక్షకుడు పురుషుడిని సత్యభామగా అంగీకరించాడు. కెమెరా దూరాన్ని తగ్గించింది. ముఖాన్ని తెర నిండా చూపింది. కంఠస్వరాన్ని చెవి పక్కకు తెచ్చింది. వేదిక మీద ఏ అంగీకారం ఆధారంగా పురుషుల స్త్రీ పాత్రధారణ నిలబడిందో, ఆ అంగీకారం తెర మీద సన్నగిల్లింది. తెలుగు రంగస్థలంలో అంతటి ఖ్యాతి గడించిన స్థానం నరసింహారావు చిత్రజీవితం ఒకటి రెండు ప్రయత్నాలకు పరిమితం కావడానికి ప్రధాన కారణాన్ని ఇక్కడే వెతకాలి. ఆయన ప్రతిభ తగ్గలేదు. ఆ ప్రతిభ ఏ నియమాల మీద నిలిచిందో ఆ నియమాలు మారాయి.

సురభి నటికి ఈ మార్పు అడ్డంకి కాలేదు, అవకాశమైంది. పట్టణ సమాజాలు తమ కళను పురుష స్త్రీపాత్రధారుల మీద నిర్మించుకున్న అర్ధ శతాబ్దంలో సురభి కుటుంబాలు నటీమణులను తయారుచేస్తూ వచ్చాయి. టాకీ వచ్చిననాటికి స్త్రీ గాయక నటులను అందించగల సంస్థలు కొన్ని ఉన్నా, తరాల నాటి నిరంతర శిక్షణతో అందించగలిగినది సురభి. హెచ్.ఎం.రెడ్డి ఎంపికలో యాదృచ్ఛికత కంటే ఈ చారిత్రక తర్కమే ఎక్కువగా కనిపిస్తుంది.

అయితే, రంగస్థల శిక్షణ అంతా మైకుకు అనుకూలించిందని చెప్పలేం. ధ్వనివర్ధకాలు లేని వేదిక మీద చిట్టచివరి వరుసలో కూర్చున్న ప్రేక్షకుడికి వినిపించేలా పలకడం నాటి నటుల నిత్యసాధన. మైకుకు ఆ గట్టితనం అవసరం లేదు. కొన్నిసార్లు అది హానికరం కూడా. వేదిక మీద నటి ప్రేక్షకులకు అభిముఖంగా నిలిచి పద్యం చదువుతుంది. తెర మీద ఎదుటి పాత్రతో మాట్లాడాలి. వేదిక మీద భావం ఆదినుంచి అంతం వరకు క్రమంగా పెరుగుతుంది. చిత్రీకరణలో దృశ్యాలు ముక్కలుగా, కొన్నిసార్లు వరుస తప్పి వస్తాయి. నాటకం మొత్తం కంఠస్థమైన సురభి నటికి ఏ ముక్క కథలో ఎక్కడిదో తెలిసి ఉండటం ఈ చివరి ఇబ్బందిని దాటడానికి ఉపకరించిందని ఊహించడం అసమంజసం కాదు.

6. ‘పాదుకా పట్టాభిషేకం’, ‘శకుంతల’: కుటుంబం వెలుపల నటి

‘భక్తప్రహ్లాద’ తరువాత 1932లోనే బొంబాయిలోని సాగర్ సంస్థ తెలుగులో రెండు చిత్రాలు నిర్మించింది. రెండింటికీ దర్శకుడు సర్వోత్తమ్ బాదామి. ‘పాదుకా పట్టాభిషేకం’లో యడవల్లి సూర్యనారాయణ, అద్దంకి శ్రీరామమూర్తి వంటి రంగస్థల ప్రముఖులతో కలిసి కమలాబాయి నటించారు. ‘శకుంతల’లో యడవల్లి సూర్యనారాయణ దుష్యంతుడిగా, కమలాబాయి శకుంతలగా నటించారు. మరుసటి సంవత్సరం ‘పృథ్వీపుత్ర’లోనూ ఆమె పాల్గొన్నారు. తరువాత హిందీ చిత్రాల్లోనూ పనిచేశారు.

ఈ చిత్రాల్లో రెండు మార్పులు గమనించదగినవి. మొదటిది, సహనటుల విషయం. సురభిలో కమలాబాయి తన కుటుంబ సభ్యుల సరసన నటించారు. సాగర్ చిత్రాల్లో వేర్వేరు ఊళ్ల నుంచి, వేర్వేరు సమాజాల నుంచి వచ్చిన నటులు బొంబాయిలో ఒకచోట చేరారు. పద్యపఠనంలో ప్రతి నటుడికీ ఒక బాణీ ఉండేది. వీరి బాణీలు ఒక తెర మీద కలవడం తొలి టాకీల విశేషం. కాంట్రాక్టు నాటకాల్లో ఇటువంటి కలయికలు పోటీగా మారి, ఎవరి రాగం పొడవు అన్న పందెంలోకి దిగేవి. ఫిల్ము పొడవు పరిమితం కావడం వల్ల ఆ పోటీకి హద్దు ఏర్పడింది.

రెండవది, నటి స్థితి. బొంబాయికి వెళ్లిన నటి కుటుంబ సంస్థకు సభ్యురాలిగా కాక, స్టూడియోకు ఒక వ్యక్తిగా పనిచేస్తుంది. ఆమె పేరు ప్రకటనల్లో విడిగా కనిపిస్తుంది; పారితోషికం ఆమె పేరున నిర్ణయమవుతుంది. ఇది గుర్తింపు. అదే సమయంలో, కుటుంబ సమాజం ఇచ్చిన రక్షణ అక్కడ ఉండదు. సురభిలో నటికి వయసు పెరిగినకొద్దీ పాత్ర మారుతుంది కాని, వేదిక దూరం కాదు. స్టూడియోలో తదుపరి చిత్రానికి పిలుపు రాకపోతే అవకాశం అక్కడితో ఆగుతుంది. గుర్తింపు, అభద్రత ఒకే ద్వారం గుండా ప్రవేశించాయి. సురభి నటీమణులందరూ సినిమావైపు తరలివెళ్లకపోవడానికి, సమాజాలు నాటకాన్నే నమ్ముకొని కొనసాగడానికి ఈ వ్యత్యాసం కూడా ఒక కారణం.

7. లీలావతి నుంచి కాంతమ్మకు

‘కథానాయిక’ అన్న మాట నేడు యౌవనవతి అయిన ప్రేమనాయికను స్ఫురింపజేస్తుంది. కాని లీలావతి ప్రేమనాయిక కాదు, తల్లి. భర్త ఆజ్ఞకూ, కుమారుడి ప్రాణానికీ మధ్య నలిగిపోయే రాణి. పాతికేళ్లు నిండని కమలాబాయి ఈ మాతృపాత్ర ధరించారు. సురభిలో పాత్ర కేటాయింపు వయసును బట్టి కాక సమర్థతను, సమాజ అవసరాన్ని బట్టి జరిగేది గనుక, ఇది ఆమెకు కొత్త కాదు. బాల్యంలో ప్రహ్లాదుడి వేషం కట్టిన నటికి లీలావతి ఎదుట నిలిచిన బిడ్డ స్థితి కూడా అనుభవంలో ఉన్నదే. తెలుగు తెర మీద తొలి కథానాయిక ఒక తల్లి కావడం, ఆ కాలపు చిత్రం పౌరాణిక నాటకానికి ఎంత దగ్గరగా ఉందో తెలుపుతుంది.

పందొమ్మిదేళ్ల తరువాత, 1951లో విడుదలైన విజయా వారి ‘పాతాళభైరవి’లో కమలాబాయి మరొకసారి తల్లి పాత్ర ధరించారు. కె.వి.రెడ్డి దర్శకత్వం వహించిన ఈ చిత్రంలో తోటరాముడి తల్లి కాంతమ్మ ఆమె. లీలావతి రాణి, కాంతమ్మ తోటమాలి ఇంటి పేదరాలు. లీలావతి దుఃఖానికి పద్యం, పాట వాహికలు; కాంతమ్మ ఆందోళనకు వాడుకమాట చాలు. పింగళి నాగేంద్రరావు సంభాషణల్లో ఆ తల్లి బెదురు, మురిపెం, మందలింపు ఇంటి భాషలోనే వ్యక్తమవుతాయి. ఈ మధ్యకాలంలో నేపథ్యగానం స్థిరపడింది. నటికి గాత్రం తప్పనిసరి అర్హత కాకుండా పోయింది. పాట కోసం సినిమాకు వచ్చిన తరానికి చెందిన నటి, పాట అవసరం లేని పాత్రలో నిలబడి మెప్పించారు.

అదే చిత్రంలో ఉజ్జయిని రాజుగా సి.ఎస్.ఆర్. ఆంజనేయులు నటించారు. ఒకప్పుడు రంగస్థలం మీద శ్రీకృష్ణుడిగా పద్యాలకు పేరుగాంచిన నటుడు ఆయన. నాయకుడి తల్లి, నాయిక తండ్రి ఇద్దరూ నాటకరంగం నుంచి వచ్చిన తొలి టాకీ తరం వారు. నాయికా నాయకులు కొత్త తరం వారు. 1932లో తెర మధ్యలో ఉన్న నాటక తరం 1951 నాటికి తల్లిదండ్రుల స్థానంలోకి చేరిన వైనాన్ని ఈ పాత్రల పంపకంలోనే చూడవచ్చు.

8. సమకాలికులతో పోలిక

కమలాబాయి అనుభవాన్ని ఇతరులతో పోల్చినప్పుడు రంగస్థల వారసత్వం అందరికీ ఒకేవిధంగా పనిచేయలేదని తెలుస్తుంది. బళ్లారి రాఘవ దీర్ఘరాగాలాపనను నిరసించి, సహజ సంభాషణకు, భావప్రకటనకు ప్రాధాన్యమిచ్చిన నటుడు. సిద్ధాంతరీత్యా సినిమాకు అత్యంత సమీపంలో ఉన్న రంగస్థల నటుడు ఆయనే. అయినప్పటికీ ‘ద్రౌపదీ మానసంరక్షణం’ (1936), ‘రైతుబిడ్డ’ (1939), ‘చండిక’ (1940) వంటి కొద్ది చిత్రాలకే ఆయన చిత్రజీవితం పరిమితమైంది. వృత్తిరీత్యా న్యాయవాది, వయసు మళ్లిన తరువాత తెరకు వచ్చినవారు కావడం దీనికి కారణాలు. నటనా దృక్పథం మాత్రమే చిత్రజీవితాన్ని నిర్ణయించదని దీనివల్ల బోధపడుతుంది.

పసుపులేటి కన్నాంబ మరొక మార్గం చూపారు. ‘హరిశ్చంద్ర’ (1935), ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’ (1936), ‘గృహలక్ష్మి’ (1938) చిత్రాలతో ఆమె నాయికగా స్థిరపడ్డారు. రంగస్థల గాంభీర్యాన్ని వదలకుండానే తెరకు తగిన సంభాషణ శైలిని పెంపొందించుకొని దశాబ్దాలపాటు కొనసాగారు. కన్నాంబ వచ్చిననాటికి మద్రాసు, కలకత్తాలలో తెలుగు చిత్ర నిర్మాణం కొంత అలవాటుగా మారింది. కమలాబాయి పనిచేసిన 1932లో తెలుగు చిత్రానికి సొంత స్టూడియో లేదు, సొంత పద్ధతి లేదు. తరువాత వచ్చినవారు నడిచిన దారి ఆమె తరం వేసినదే.

9. ముగింపు

పై పరిశీలన నుంచి కింది నిర్ధారణలకు రావచ్చు.

1. కమలాబాయి తొలి తెలుగు టాకీకి ఎంపిక కావడం వ్యక్తిగత అదృష్టమో, యాదృచ్ఛిక ఘటనో కాదు. స్త్రీ పాత్రలకు స్త్రీలను తరతరాలుగా శిక్షితులను చేసిన సురభి వ్యవస్థ దానికి మూలకారణం.

2. పురుషుల స్త్రీ పాత్రధారణ రంగస్థలంలో ఎంతటి ఉన్నత కళ అయినప్పటికీ, కెమెరా తెచ్చిన సామీప్యం దానికి తెర మీద చోటు తగ్గించింది. సురభి నటీమణులకు అదే సామీప్యం అనుకూలించింది.

3. ‘భక్తప్రహ్లాద’ విడుదల 1932 ఫిబ్రవరి 6గా నిర్ధారణ కావడం వల్ల కమలాబాయి తొలి మూడు చిత్రాలూ ఒకే సంవత్సరానికి చెందినవని తేలుతుంది. తెలుగు టాకీ ఆవిర్భావ సంవత్సరంలో ఆమె వహించిన భారం ఈ క్రమంలోనే సరిగా అర్థమవుతుంది.

4. కుటుంబ సమాజం నుంచి స్టూడియోకు మారడం నటికి వ్యక్తిగత గుర్తింపును తెచ్చింది; జీవితాంతం వేదిక ఉంటుందన్న భరోసాను తీసివేసింది.

5. లీలావతి, కాంతమ్మ పాత్రల మధ్య ఉన్న దూరం ఒక నటి వయసుకు సంబంధించినది మాత్రమే కాదు. పద్యం నుంచి వాడుకమాటకు, గాయక నటి నుంచి నటికి తెలుగు చిత్రం సాగించిన ప్రయాణం ఆ రెండు పాత్రల మధ్య కనిపిస్తుంది.

తొలి టాకీల ప్రతులు అనేకం లభించని స్థితిలో, వాటి నటనా స్వభావాన్ని అంచనా వేయడానికి నాటకరంగ చరిత్ర ఒక ప్రధాన ఆధారం. సురభి సమాజాల ప్రదర్శన పద్ధతులు నేటికీ కొనసాగుతున్నాయి. వాటిని నాటక చరిత్రకు సంబంధించిన సామగ్రిగానే కాక, తెలుగు సినిమా తొలి అధ్యాయానికి సజీవ సాక్ష్యంగా కూడా పరిశోధకులు ఉపయోగించుకోవాలి. అప్పుడే కమలాబాయి పేరు ముందున్న ‘తొలి’ అనే విశేషణం ఒక ఆరంభానికి గుర్తుగానే మిగిలిపోక, అంతకుముందు అర్ధ శతాబ్దంపాటు సురభి స్త్రీలు వేదిక మీద చేసిన శ్రమకు ఫలితంగా కూడా కనిపిస్తుంది.